నువ్వుగింజంత సందు

పదకొండో వారం

పోయిన వారం మీరు నన్ను పెద్దాయన గది గుమ్మంలో వదిలి వెళ్లారు. తలుపు తట్టబోయి, చెయ్యి గాల్లోనే ఉంచుకుని నిలబడి ఉన్నాను. తట్టాను లెండి. అయితే లోపలికి వెళ్లేముందు అప్పటిదాకా జరిగింది నాలుగు ముక్కల్లో చెప్పేస్తాను. తరవాత ఊపిరి పీల్చుకునే తీరిక ఉండదు.

మా అన్నయ్య ముద్రల మండలిలో చూపరి. ముప్పై ఏళ్లుగా అదే పని. కాగితం మీద గీసిన పాత ముద్ర ఒకటి ముందు పెట్టుకుని, ఇసుక గడియారం ఖాళీ అయ్యేదాకా రెప్ప వాల్చకుండా చూసి, తన లోపల ఏం కదిలిందో చెబుతాడు. వెనక కూర్చున్న లేఖకుడు అది రాసుకుంటాడు. పన్నెండు రోజుల కిందట అలా చూసి లేచిన అన్నయ్యకి ముఖాలు పోయాయి. చూపు బాగానే ఉంది, మతి బాగానే ఉంది. ముఖాలే పోయాయి. మొదట అమ్మ ఫోటో చూసి ఇదెవరని అడిగాడు. నాన్న ఫోటో ఇంట్లో లేదు కాబట్టి ఆయన ముఖం పోయిందో ఉందో తెలియలేదు. మర్నాటికి నేను పోయాను. నాలుగో రోజుకి వదిన. పుట్టాక ఎవరిని ముందు చూశాడో వాళ్లే ముందు పోతున్నారు, వరస తప్పకుండా. గొంతు వింటే అందరూ తెలుసు. తల తిప్పి చూశాడా, ఎదురుగా ఎవరో కొత్త మనిషి.

నిన్నటిదాకా దీన్ని జబ్బనుకున్నాం. నిన్న సాయంత్రం అన్నయ్య చూసిన కాగితాన్ని మళ్లీ తనిఖీ చేస్తే అసలు సంగతి బయటపడింది. మండలిలో ఏ ముద్రనీ పూర్తిగా గీయరు. ఎవరు నకలు తీసినా ఒక చోట గీత కలపకుండా నువ్వుగింజంత సందు వదలాలి. చూడబోయినవాడు తిరిగి బయటికి వచ్చే దారి అదేనని పాతవాళ్లు రాసి పెట్టారు. ఆ కాగితంలో సందు లేదు. ఎవరో గీత కలిపేశారు.

వేరేవాళ్ల పొరపాటని తేలితే అన్నయ్య ఇంటికి వస్తాడు. తనే సందు మూసుకుని చూశాడంటే తెల్లగదికి వెళతాడు. ఆ గది గోడలకి మూలలు ఉండవు, నేల మీద పలకల గీతలు ఉండవు, బట్టలకి అంచు ఉండదు. గోటితో ఏదీ గీయకుండా చేతులకి గుడ్డ సంచులు తొడుగుతారు. కోరి పూర్తి ముద్ర చూసినవాడు దాన్ని పక్కవాడికి చూపించకుండా ఉండలేడని మండలి భయం. అక్కడికి వెళ్లి తిరిగొచ్చినవాళ్లని నేను ఎరగను. అందుకే ఆ సందు మూసిన మనిషిని జుట్టు పట్టుకుని ఈడ్చుకొస్తానని నేను పాత ముద్రలు బాగుచేసే మరమ్మతు గదిలో అందరూ వినేలా శపథం చేశాను. పొద్దున్నే మండలి నడిపే పెద్దాయన దగ్గర నుంచి పిలుపు వచ్చింది.

ఇంకొక్క సంగతి. అన్నయ్య కుర్చీ పన్నెండు రోజులుగా ఖాళీగా ఉంది. ఆ రోజు పదకొండింటి నుంచి అందులో మా అమ్మాయి కూర్చోవాలి. ఇరవై రెండేళ్లు, మొన్ననే పరీక్ష నెగ్గింది, చూపు నేర్పింది కూడా మావయ్యే. పొద్దున జడ వేసుకుంటూ, "మావయ్య కుర్చీలో కూర్చోవాలంటే ఏదోలా ఉందే అమ్మా," అంది.

"కుర్చీకేం తెలుసు, ఎవరు కూర్చున్నారో. వెళ్లి కూర్చో," అన్నాను.

మండలిలో ఎవరి కొంప మునిగినా చూపు అంతకన్నా ఎక్కువ రోజులు ఆగదు మరి.

*

పెద్దాయన గదిలో ఎప్పుడూ కిటికీ తెరలు దించే ఉంటాయి. ఆయన కళ్ల మీద బూడిద రంగు పొర. చూపరుల్లో చివరిదాకా నెట్టుకొచ్చినవాళ్లకి మిగిలేది అదే. పక్కన తనిఖీ ఆవిడ నిలబడి ఉంది. మెడలో తాడుకి భూతద్దం కట్టుకుని తిరుగుతుంది కాబట్టి అసలు పేరు పోయి భూతద్దం గారు అని మిగిలింది. మామూలుగా ఎదుటి మనిషి ముఖంలో కూడా తప్పులు వెతికే రకం. ఆ రోజు నేల వంక చూస్తోంది.

"రా అమ్మా," అన్నారు పెద్దాయన. "జుట్టు పట్టుకుని ఈడ్చుకొస్తానన్నావట."

"అన్నానండీ. ఇప్పటికీ అంటాను. వాడెవడో చెప్పండి, మీ ఎదటే చేసి చూపిస్తాను."

"కూర్చో. ముందు ఇది చూడు."

బల్ల మీద కాగితం, దాని మీద కిటికీ అట్ట. ఆ అట్ట లేకుండా మా మరమ్మతువాళ్లం ఏ ముద్రనీ చూడం. అట్ట మధ్యలో గోరంత కిటికీ ఉంటుంది, అందులోంచి గోరంత గీత కనబడుతుంది, అంతవరకే మా పని. ఇరవై నాలుగేళ్లలో నేను మొత్తం ముద్ర ఒక్కటీ చూడలేదు. కూర రుచి చూడకుండా జీవితమంతా వండిన వంటావిడ లాంటి బతుకు మాది. కానీ కళ్లూ మనసూ భద్రంగా ఉంటాయి.

"ఈ అతుకు ఎవరి పనో చెప్పగలవా?" అని అడిగారు.

వంగి చూశాను. పాత కాగితానికి చిల్లు పడితే పలచని కాగితం ముక్క అతికించి, తెగిపోయిన గీతని దాని మీదుగా సిరాతో కలుపుతాం. అదే అతుకు. ఇక్కడ అతుకు నార, పాత కాగితం నార ఒకే వైపు నడుస్తున్నాయి. వేలితో తడిమితే అంచు తెలియడం లేదు. గీత రంగు మారకుండా, ముక్క మీద నుంచి ఇటు నుంచి అటు దాటిపోయింది. నాకు మొదట కలిగింది మెచ్చుకోలు. సిగ్గు విడిచి చెబుతున్నాను, ఇంత బాగా అతికినవాళ్లు ఎవరబ్బా అనుకున్నాను. మరుక్షణం వేలు వెనక్కి తీసుకున్నాను. మండలిలో అంత బాగా అతికేది ఒక్కరే.

"ఇది నా చెయ్యి," అన్నాను.

"జుట్టు పట్టుకోనక్కర్లేదులే," అన్నారు పెద్దాయన. వెక్కిరింపుగా కాదు. "పురుగు సరిగ్గా సందు ఉన్నచోటే తిన్నది. అక్కడ గీత పోయిందనుకుని నువ్వు కలిపేశావు. కలిపేముందు సందుల పుస్తకం చూశావా?"

ఏ ముద్రలో సందు ఎక్కడుందో రాసి పెట్టిన పుస్తకం అది. అది తెరిచి చూసుకోనిదే మరమ్మతువాళ్లు సిరా బుడ్డి మూత కూడా తియ్యకూడదు. ఇరవై నాలుగేళ్లలో ఒక్క రోజు తప్ప నేను అలా తీయలేదు.

ఆ ఒక్క రోజూ కళ్ల ముందుకి వచ్చింది. కాగితాల కట్ట తెచ్చి ఇచ్చింది అన్నయ్యే. కాగితాలు దాచే కొట్టు నుంచి కట్టలు మోసుకొచ్చేది చూపరులే. నా బల్ల అంచున కూర్చుని కాళ్లూపుతూ, "సందులన్నీ నేను చూసి ఉంచానే, చిల్లుల మీద ఒక్కటీ లేదు, గీతలు కలిపేసెయ్," అన్నాడు. నేను పుస్తకం కోసం చెయ్యి చాపితే లాక్కుని దాని మీద కూర్చున్నాడు. యాభై ఆరేళ్ల మనిషి! నవ్వొచ్చింది నాకు. నవ్వుతూనే కలిపేశాను.

"చూడలేదండీ," అన్నాను.

"ఎందుకని?"

అన్నయ్య మాట నోటి చివరిదాకా వచ్చింది. మింగేశాను. పాపం తను చూసే ఉంటాడు, కట్టంతటిలో ఒక్కటి కంటికి తప్పిపోయింది, దానికి తనే దెబ్బ తిన్నాడు, ఇంకా ఆ మాట కూడా ఎందుకు అనుకున్నాను.

"బద్ధకమండీ."

"నీకా?" అంది భూతద్దం గారు, మొదటిసారి తలెత్తి.

"నాకు రాకూడదా?"

ఆవిడ కాగితాన్ని వెనక్కి తిప్పి చూపించింది. కింద నా సంతకం, దాని కింద తన సంతకం. "నీ పని కదా అని చూడకుండానే పెట్టేశాను. పదిహేనేళ్లుగా నీ కాగితాలకి అలాగే పెడుతున్నా," అంది. ఎప్పుడూ కత్తిలా ఉండే గొంతు చిన్నబోయింది.

పెద్దాయన వేళ్లతో బల్ల అంచు తడుముతున్నారు. "ఆ కట్టలో మిగతా కాగితాలో? ఈ పూట చూపుకి వెళుతున్నదీ అందులోదేనట. ఆపమంటే ఆపేస్తాను."

"మిగతావి సరిగ్గా ఉన్నాయండీ. ఇదొక్కటే."

"ఖాయంగా?"

"ఖాయంగా."

అబద్ధమాడుతున్నానని అనుకోలేదు. ఇరవై నాలుగేళ్ల పనిలో ఒక్క పొరపాటు, అంతకన్నా ఎక్కువ నేను ఒప్పుకోదలచుకోలేదు. మనిషి తలవంచుకున్నప్పుడు కూడా ఎక్కడో ఇంత పొగరు దాచుకుంటాడు. నేనూ దాచుకున్నాను.

"సరే, నీ మాట మీద వదిలేస్తున్నా," అన్నారాయన. "నువ్వు ఇక కలం ముట్టకూడదు. నెలాఖరుకి మండలి ఇల్లు ఖాళీ చెయ్యాలి. తెలుసుగా?"

"తెలుసండీ. మరి అన్నయ్య?"

"మీ వదినని తీసుకెళ్లమను. తెల్లగది మాట ఇక ఉండదు."

నా కళ్లలో నీళ్లు తిరిగాయి. సంతోషంతోనే. ఉద్యోగం పోయింది, నీడ పోయింది, అయినా బరువు దిగినట్టయింది. అన్నయ్య ఇంటికి వస్తాడు. కిటికీ దగ్గర కూర్చుంటాడు, మా గొంతులు వింటాడు, వదిన వండింది తింటాడు. అంతకన్నా ఏం కావాలి. ఒప్పుకోలు కాగితం మీద ఆయన చూపించినచోట సంతకం పెట్టేశాను.

"ఇక ఒక్క పని ఉంది. మూసిన చేత్తోనే తెరవాలి. అతుకు తీసెయ్," అన్నారు పెద్దాయన.

*

కుంచె తడిపి అతుకు అంచు చుట్టూ రాశాను. జిగురు నానాలంటే నూరు లెక్కపెట్టాలి. అరవై దగ్గర అంచు ఉబ్బింది. నూరు దగ్గర పట్టకారుతో పట్టుకుని మెల్లగా ఎత్తాను. నా అతుకు ఉల్లిపొరలా లేచి వచ్చింది, దానితో పాటు నేను కలిపిన గీత కూడా. కింద చిల్లు మిగిలింది.

పురుగు తిన్న చిల్లు నాకు చూపించి ఇది ఏమిటని అడగక్కర్లేదు. అంచు గరుకుగా, పొడిపొడిగా, ఒక దారీ తెన్నూ లేకుండా ఉంటుంది. పైగా పురుగు ఒక్క కాగితం తిని మర్యాదగా లేచి వెళ్లిపోదు, పైదాన్నీ కిందిదాన్నీ కూడా తొలుస్తుంది. ఆ కట్టలో ఈ కాగితానికి అటూ ఇటూ ఉన్నవాటికి ఆ చోట చిల్లు ఉందా? లేదు. అతికినప్పుడు ఆ సంగతి నాకు తట్టలేదు, ఎందుకంటే పక్కన అన్నయ్య కబుర్లు చెబుతున్నాడు.

పై అంచు గరుకుగానే ఉంది. కానీ తడికి కాగితం ఉబ్బి పొర విడింది కదా, లోపలి మందం కనబడుతోంది. అది నున్నగా ఉంది. కత్తితో కోసి, పైన మాత్రం గోటితో గీకి పొడి చేశారు. కోత నిటారుగా లేదు, ఒక పక్కకి వాలి ఉంది.

చిన్నప్పుడు నా బడి పుస్తకాలకి అట్టలు కోసి ఇచ్చింది అన్నయ్యే. ఎడమచేతి వాటం. ఎంత జాగ్రత్తగా కోసినా అంచు ఒక పక్కకి వాలిపోయేది, అట్ట సరిగ్గా మడతపడేది కాదు. బళ్లో అందరూ నవ్వుతారని నేను ఏడిస్తే, "వాలితేనేం, పడిపోలేదుగా," అనేవాడు. ఆ వాలుని నేను కళ్లు మూసుకుని తడిమినా చెప్పగలను.

అన్నయ్యే కోశాడు. సందు ఉన్నచోటే, సందు మొత్తం పోయేలా కోసి, పురుగు తిన్నదని నన్ను నమ్మించి, నా చేతే కలిపించుకున్నాడు. పుస్తకం మీద కూర్చున్నది ఆటకి కాదు. నేను నవ్వాను కూడా. ఆ నవ్వు తలుచుకుంటే నా మీద నాకే అసహ్యం వేసింది, అన్నయ్య మీద ఒళ్లు మండిపోయింది. తెల్లగదికి పోనీ, గుడ్డ సంచులు తొడగనీ అనుకున్నాను. నిజంగానే అనుకున్నాను.

"అయిందా అమ్మా?" అన్నారు పెద్దాయన.

ఒక్క మాట చెబితే నా కలం నాకు దక్కుతుంది, ఇల్లు దక్కుతుంది. ఆ మాట పళ్ల వెనకదాకా వచ్చింది. అప్పుడు ఎందుకో అన్నయ్య చేతులు గుర్తొచ్చాయి. చిన్న చేతులు, ఆడపిల్ల చేతుల్లా ఉంటాయి. వాటికి సంచులు తొడిగి, మణికట్టు దగ్గర బిగించి కడితే ఎలా ఉంటుందో కనబడింది.

"ఒక్క నిమిషమండీ, జిగురు మిగిలింది," అని, అతుకులు నొక్కే ఎముక పుల్ల మొనతో ఆ నున్నటి అంచుని చుట్టూ రుద్దాను. తడి కాగితం మాట వింటుంది. నార విడిపోయి, పొడిపొడిగా లేచి, చూస్తూండగానే పురుగు తిన్న చిల్లు అయిపోయింది. మరమ్మతు పనిలో నేను చేసిన చివరి పని అది. చాలా బాగా చేశాను.

భూతద్దం గారు వంగి చూసింది. చాలాసేపు చూసింది. అద్దం పక్క నుంచి నా వేళ్ల వంక, వేళ్ల మధ్య ఉన్న ఎముక పుల్ల వంక కూడా చూసింది.

"పురుగే," అంది.

నాకోసం అందో, వెనక ఉన్న తన సంతకం కోసం అందో ఇప్పటికీ తెలియదు. అడగలేదు. అప్పుడే నేను ఇంకొక్క అడుగు ముందుకేసి ఆలోచించి ఉండాల్సింది. ఒక చిల్లు కోసిన చెయ్యి ఆ ఒక్కదానితో ఎందుకు ఆగుతుందని నన్ను నేను అడగాల్సింది. నా బుర్ర నిండా అన్నయ్య ఒక్కడే ఉన్నాడు, ఇంకేదీ పట్టలేదు.

*

రోగుల గది నడవాకి ఆ చివర. వదిన బట్టలు మడతపెట్టి సంచిలో సర్దుతోంది. నేను చెప్పింది విని మంచం మీద కూలబడి, కొంగుతో ముఖం ఒత్తుకుని, మళ్లీ వెంటనే లేచింది.

"నీ ఉద్యోగం పోయిందా?" అంది.

"పోయింది. నీ మొగుడు దక్కాడు. సర్దు."

"నువ్వూ మా దగ్గరికే వచ్చెయ్. ముగ్గురం ఉందాం. నా ముఖం తెలియకపోతే తెలియకపోయిందిలే, ముప్పై ఏళ్లుగా చూసి మురిసిపోయిందేముంది కనక. గొంతు తెలుసు కదా, చాలు. పైగా ఇక మూతి ముడుచుకు కూర్చున్నా ఎందుకని అడగలేడు, నేనేనని తెలియాలిగా." నవ్వుతూ ఏడుస్తూ, బండి పిలిచొస్తానని సంచి తీసుకుని బయటికి వెళ్లింది.

అన్నయ్య గోడవైపు తిరిగి కూర్చున్నాడు. ఇటు తిరిగితే కొత్త మనుషులు కనబడతారని ఎప్పుడూ అలాగే కూర్చుంటున్నాడు.

"చెల్లాయ్, నువ్వేగా. చెప్పులు ఈడుస్తూ నడిచేది నువ్వొక్కదానివే," అన్నాడు.

"కోసింది నువ్వే."

"అంచు చూశావా," అన్నాడు.

"చూశాను."

"ఎప్పుడూ వాలిపోతుంది, వెధవ చెయ్యి."

"ఎందుకు అన్నయ్యా? నేనేం చేశాను నీకు?"

"నువ్వేం చెయ్యలేదు. ముప్పై ఏళ్లు, చెల్లాయ్. ప్రతి ముద్రా లోపలికి రమ్మని పిలుస్తుంది, తీరా వెళితే చివర్లో ఆ సందు దగ్గర తలుపు మూసేస్తారు. ఒక్కటి, ఒకే ఒక్కటి మొత్తం చూసి అప్పుడు పోదాం అనుకున్నా."

"మూసుకోవాలంటే నువ్వే గీసుకుని ఏడవొచ్చుగా. నా చెయ్యి దేనికి?"

"నేను గీస్తే అది ఎక్కడ కలిసిందో నా కంటికి తెలిసిపోతుంది. నీ గీత అయితే తెలియదు. నీ అంత బాగా ఎవరూ కలపలేరు." పొగుడుతున్నట్టే అన్నాడు. అదే భరించలేకపోయాను. చెంప పగలగొట్టాలనిపించింది. నిజం చెప్పాలంటే చెయ్యి కూడా ఎత్తాను, కొట్టలేకపోయాను.

"చూశావుగా. ఏముంది అందులో?"

"ముఖం," అన్నాడు మెల్లగా. "ఒకటే ముఖం. అది చూశాక మిగతావి ఉండనక్కర్లేదనిపిస్తుంది."

"ఎవరిది?"

"చెప్పడం రాదు. గీసి చూపిస్తాలే, ఇలా రా."

అప్పుడు చూశాను. అతని వేలు దుప్పటి మీద కదులుతోంది. ఎప్పటి నుంచి కదులుతోందో, అక్కడ నూలు నలిగి మెరుస్తోంది. ఆ చెయ్యి గట్టిగా పట్టుకుని ఒళ్లో పెట్టుకున్నాను. నా పిడికిట్లో కూడా ఆ వేలు ఆగలేదు. మండలి భయపడేది దేనికో నాకు ఆ క్షణాన తెలిసింది. తెలిసీ వదిలేద్దామనే అనుకున్నాను. ఇంట్లో నేను కాపలా ఉంటాను, రాత్రీ పగలూ ఈ చెయ్యి పట్టుకుని కూర్చుంటాను అనుకున్నాను.

అంతలో గంట మోగింది. చూపు మొదలయ్యే ముందు మోగే గంట.

అన్నయ్య వేలు ఆగిపోయింది. "చూపు మళ్లీ మొదలుపెట్టారా? నాకు చెప్పలేదే?"

"ఈ పూట నుంచే."

"ఏ కాగితం?"

"వరసలో తరవాతది. నీ కట్టలోదే."

గోడవైపు ఉన్నవాడల్లా గిరుక్కున నా వైపు తిరిగాడు. ఎవరినో అపరిచితురాలిని చూస్తున్నట్టు నా ముఖంలోకి చూస్తూ, "ఎవరు కూర్చుంటున్నారు?" అన్నాడు.

"మన పాప."

ఆ ముఖంలో రంగు పోవడం చూశాను. "చెల్లాయ్, ఆపు. మొదటిది సరిగ్గా కుదరకపోతే ఉంటుందని రెండోది కూడా కోసి పెట్టాను. దాని వెనకే ఉంది. నువ్వు అతికేశావు."

*

మండలి నడవాల్లో ఎవరూ పరుగెత్తరు. నేను పరుగెత్తాను. చెప్పులు ఎక్కడ ఊడిపోయాయో తెలియదు. రెండో గంట నేను మెట్ల దగ్గర ఉండగా మోగింది. చూపు గదికి చేరేసరికి తలుపు లోపల గడియ పడింది. ఆ గడియ పడ్డాక ఇసుక ఖాళీ అయ్యేదాకా పెద్దాయన చెబితే తప్ప తెరుచుకోదు. రెండు చేతులతో బాదాను. మందమైన తలుపు, లోపలికి ఏదీ వినబడకుండా చేయించింది. నా అరుపు నాకే తిరిగొచ్చింది.

గోడ తడుముకుంటూ పెద్దాయన వచ్చారు, వెనకాల భూతద్దం గారు. ఇటు నుంచి వదిన, బండి వచ్చిందని చెప్పడానికి.

"తలుపు తీయించండి. ఆ కాగితంలోనూ సందు లేదు," అన్నాను.

"ఇందాక ఖాయంగా సరిగ్గా ఉన్నాయన్నావు."

"తప్పు చెప్పాను. తీయించండి!"

"నిదానం," అన్నారాయన. "మంచి కాగితమైతే, చూపు సగంలో తలుపు తీస్తే ఆ పిల్లకి మతి పోతుంది. అలా పోయినవాళ్లని నేను చూశాను. అనుమానం మీద తీయలేను. నీకు ఎలా తెలుసు? అది చెప్పు."

వదిన నా వంకే చూస్తోంది. ఆవిడ ముఖంలో ఇంకా బండి దొరికిన సంబరం ఉంది. సంచి జిప్పు సగం తెరుచుకుని, అందులోంచి అన్నయ్య చొక్కా చేతులు బయటికి వేలాడుతున్నాయి.

"ఎలా తెలుసమ్మా?"

"అన్నయ్య కోశాడు. అది పురుగు చిల్లు కాదు. మొదటిదీ కాదు, రెండోదీ కాదు. రెండూ తనే కోశాడు, ఇప్పుడే నాతో చెప్పాడు."

వెనక సంచి నేల మీద పడిన చప్పుడు వినబడింది. తిరిగి చూడలేదు. వదిన ముఖం చూడగల ధైర్యం నాకు లేదు.

పెద్దాయన తలుపుకి నోరు ఆనించి, చూపరులకి మాత్రమే తెలిసిన మాట ఒకటి అన్నారు. ఎవరూ ముట్టకుండానే లోపల గడియ జారింది. భూతద్దం గారు నన్ను తోసుకుని ముందు దూరి, తన శాలువా తీసి బల్ల మీదికి విసిరింది. కాగితం కప్పబడిపోయింది. గోడవైపు తిరిగి కూర్చున్న లేఖకుడు బిత్తరపోయి లేచాడు. గడియారంలో ఇసుక సగానికి పైగా కిందికి దిగి ఉంది.

మా అమ్మాయి మాకు వీపు పెట్టి కుర్చీలో నిటారుగా కూర్చుని ఉంది. పొద్దున వేసుకున్న జడ అలాగే ఉంది. భుజాలు ఊపిరికి లేచి పడుతున్నాయి. నేను ఒక అడుగు వేశాను, చెప్పులు లేకపోయినా ఈడుస్తూనే.

"అమ్మా?" అంది.

గొంతు బాగానే ఉంది. గొంతులు పోవని నాకు తెలుసు. ఈ లోకంలోకి వచ్చాక అది అందరికన్నా ముందు చూసిన ముఖం ఎవరిదో కూడా నాకు తెలుసు.

కుర్చీ కిర్రుమంది. మెల్లగా, నిద్రలేచిన పిల్లలా, ఇటు తిరగసాగింది.

నేను రెండు చేతులతో నా ముఖం కప్పుకున్నాను.